పది పేర్లున్న పేజీని తుడిపించవద్దని

బాన్సువాడ, 14-07-2025

పాత చిత్రాల సమాచార విభాగం అధికారి గారికి, హైదరాబాద్.

అయ్యా,

విషయం: మీరు తీసేసిన సినిమా పేజీకి వెబ్ ఆర్కైవ్‌లో మిగిలిన ఒకే ఒక్క నకలును కూడా తీయించబూనుట; దానిని ఆపుట గురించి.

బాన్సువాడ దగ్గరి తండా వాస్తవ్యుడను, ఆటో డ్రైవరును, రూప్‌సింగ్ అను నేను సవినయంగా (ఈ మాట అలవాటుకొద్దీ రాశాను) మనవి చేయునది:

1. 1964లో నిజాంసాగర్ కట్ట మీద ఒక సినిమా పాట తీశారు. మా తండా ఆడవాళ్లు పదకొండు మంది అందులో ఆడారు. పదహారేళ్ల మా అమ్మ మోతీబాయి వారిలో ఒకతె. తెర మీద ఒక్కరి పేరూ వేయలేదు. ఆ సినిమా రీళ్లు ఎక్కడా దొరకవని తమ వెబ్‌సైటే రాసింది.

2. ఆ వెబ్‌సైటులో సదరు సినిమాకు ఒక పేజీ ఉండేది. షూటింగుకు జీపు నడిపిన కోటగిరి తారాచంద్ గారు 2009లో దాని కింద ఆడినవాళ్ల పేర్లు రాశారు. పది రాసి, మా అమ్మ పేరు మరిచారు. మరుసటేడు ఆయన కాలం చేశారు.

3. నిరుడు మా అమ్మాయి పల్లవి ఆ పేజీ ఫోనులో చూపగా, అమ్మ పేరు చేర్చమని తమకు అర్జీ పెట్టుకున్నాను. ఇరవై రోజులకు మెసేజు వచ్చింది: "తమ ఫిర్యాదు పరిష్కరించబడినది." చూస్తే పేజీయే లేదు! ఎలుకలున్నాయని ఇల్లు తగలబెట్టడం వినడమే గాని, ఆఫీసు ముద్ర వేసి తగలబెట్టడం ఇప్పుడే చూశాను.

4. హైదరాబాదు వచ్చాను. మూడు గంటలు నిలబెట్టాక తమ గుమస్తా గారు, "గా సినిమా రీలే లేదాయె. ఇగ పేజీ ఎందుకన్నా?" అన్నారు. రీలు లేదు కనుకనే పేజీ కావాలయ్యా! ఇది తెలియడానికి ఆటో నడిపేవాడు రావాలా?

5. ఇంటర్నెట్ పేజీలకు నకళ్లు తీసి, తేదీ వేసి దాచే వెబ్ ఆర్కైవ్ ఒకటున్నదని పల్లవి వెతికింది. 2012 నాటి నకలు దొరికింది. బొమ్మల చోట ఖాళీ గడులున్నాయి, పాట లింకు నొక్కితే ఏమీ రాదు. కానీ తారాచంద్ గారు రాసిన పది పేర్లూ చెక్కుచెదరలేదు. మా తండా ఎక్కడుందో తెలియని యంత్రం వాటిని దాచింది. జీతం తీసుకునే మీరు తుడిచారు.

6. నా బుద్ధి గడ్డి తిని, ఆ నకలు ప్రింటు తీసి, దీన్ని చూసి పేజీ మళ్లీ పెట్టమని తమకే పంపాను. తమ జవాబు: "సదరు నకలుకు కూడా ఫిర్యాదు వర్తించును గాన, తొలగించవలసినదిగా ఆర్కైవ్ వారికి లేఖ వ్రాయబడుచున్నది." ఎవరి ఫిర్యాదు? నాది! నా కాగితం పట్టుకుని మా వాళ్ల పేర్లు తుడుస్తారా? ఆ రోజు నుంచి నాకు అన్నం సయించడం లేదు.

కావున, నా పాత ఫిర్యాదును దీని మూలంగా వాపసు తీసుకుంటున్నాను. అమ్మ పేరు చేర్చనక్కరలేదు. ఆర్కైవ్ వారికి లేఖ రాయకండి. రాసి ఉంటే, రద్దు చేశామని ఇంకో లేఖ రాయండి. మాకు వేరే పరిష్కారం ఏదీ చేయవద్దు.

చిత్తగించవలెను, మొత్తం చదివిన తర్వాత మాత్రమే.

తమ విధేయుడు (ఇంకో మాట వాడితే అర్జీ తీసుకోరని),
రూప్‌సింగ్

తా.క.: ఇది అమ్మకు చదివి వినిపించి, నీ పేరు వదులుకున్నానని చెప్పాను. ఆమె అన్నది అన్నట్టే రాయమన్నది: "నా పేరు లేకుంటే ఏమైతది బిడ్డా, నేను బతికే ఉన్న గదా. గా పదిమందిల ఒక్కలన్న లేరు. పల్లవి గా పేర్లు చదువుతుంటే, అందరు మళ్ల నా పక్కకు వచ్చి నిలబడ్డట్టే ఉంటది. గవి కూడ తీసేస్తే, నేను ఎవలతోని ఆడిన అని చెప్పుకోవాలె?"