పిచ్చుక అడిగిన మాట

ఏమోయ్, అమ్మాయిని సైనిక అకాడమీలో దింపి వచ్చాను. గేటు దగ్గర బండరాయిలా నిలబడ్డాను, కంట్లో ఒక్క చుక్క నీళ్లు లేవు. నిన్ను నిద్ర లేపబుద్ధి కాక గడియారాల కొట్టుకు వెళ్తున్నాను. పాలు కాచాను. కుర్చీ మీద ఆరేసిన రుమాలు ఇస్త్రీ చెయ్యి, పోస్టులో పంపాలి. అది గేటు కాపలా జవానుది. బండరాయి వెక్కివెక్కి ఏడుస్తుంటే చూడలేక ఇచ్చాడు.

జుట్టు కత్తిరించి వరసలో నిలబెట్టేసరికి వెనకనుంచి పిల్లలందరూ ఒక్కలాగే ఉన్నారు. మనదెవరో తెలియక "పిచ్చుకా!" అని కేకేశాను. వరసంతా తిరిగింది.

"ఎవరది పిచ్చుక?" అని డ్రిల్లు మాస్టారు గర్జించాడు.

"నేనే సార్!" అని మనది గొంతు చించుకుంది. నోరు లేని పిల్ల అక్కడేం నెగ్గుకొస్తుందని అన్నావే, ఆ పిల్లే! ఇక అక్కడ అందరూ దాన్ని ఆ పేరుతోనే పిలుస్తారు.

నువ్వు అలిగి సాగనంపడానికి రాలేదుగా, అదీ నీ ఊసెత్తలేదు. ఆదివారం నాలుగింటికి ఇంటికి ఫోన్ చేస్తుందట. నేను కొట్టు వదిలి రాను, నువ్వే ఎత్తాలి.

మరిచాను, ఊసెత్తలేదన్నది నా కల్పన. "అమ్మ నాతో మాట్లాడుతుందా నాన్నా?" అని మూడుసార్లు అడిగింది. మాట్లాడుతుందని నీ తరఫున నేనే మాటిచ్చేశాను.