నలభై మూడో ధనవంతుడి విన్నపం

ధనవంతుల జాబితా వేసే సంపాదకులు గారికి,

నమస్కారాలు. నేను పాత బజారు వెనక సందులో ఇనప్పెట్టెలు బాగుచేసుకుని బతికేవాణ్ణి. అందరూ మేస్త్రీ అంటారు. మీ పత్రికలో ఏటా వేసే దేశంలోని వందమంది గొప్ప ధనవంతుల జాబితాలో ఈసారి నలభై మూడో స్థానంలో నా పేరు, నా దుకాణం ఫోటో పడ్డాయి. ఈ సంగతి నాకు మంగలి షాపులో తెలిసింది. మంగలి సగం గడ్డం గీసి, కత్తి పక్కన పెట్టి, "ఇన్నాళ్ళూ నా దగ్గర అరువు పెట్టింది నువ్వేనా?" అన్నాడు. మిగతా సగం ఇంటికెళ్ళి గీసుకున్నాను.

అయ్యా, ఎక్కడో పొరపాటు జరిగింది. నా దుకాణంలో ఇనప్పెట్టెలు చాలానే ఉన్నాయి, కాదనను. కానీ అవి నావి కావు, బాగుచేయమని జనం తెచ్చి పడేసినవి. ఒకదానికి తాళం పట్టేసింది, ఇంకోదానికి బందులు ఊడాయి. అన్నీ ఖాళీవే. లోపల డబ్బుండగా పెట్టెను రిపేరుకు పంపే వెర్రివాడు ఎక్కడన్నా ఉంటాడా?

మీకిది చిన్న పొరపాటు కావచ్చు. నాకు మాత్రం ప్రాణం మీదికొచ్చింది. దొంగలు కూడా పత్రికలు చదువుతారు కదా. మా ఆవిడ మంచం లాక్కొచ్చి వీధి తలుపుకి అడ్డంగా వేసింది. ఇప్పుడు మేమే బయటికి వెళ్ళాలన్నా మంచం ఎక్కి దిగుతున్నాం. పదహారేళ్ళ కూతురుంది నాకు. దాన్ని ఎవడైనా ఎత్తుకుపోయి డబ్బు తెమ్మంటే నేనెక్కణ్ణుంచి తేవాలి?

దయచేసి నా పేరు తీసెయ్యండి.

ఇట్లు,
భయంతో,
ఇనప్పెట్టెల మేస్త్రీ

తా.క.: ఫోటోలో బొజ్జ మీద చెయ్యేసుకుని నవ్వుతున్నది నేను కాదు, పెట్టె ఇవ్వడానికొచ్చిన నెయ్యి వ్యాపారి. నేను ఆ పెట్టె వెనక వంగి ఉన్నాను. నా వీపు మాత్రం బాగానే పడింది.

*

గౌరవనీయులైన మేస్త్రీ గారికి,

మీ ఉత్తరం అందింది. జాబితాలో ఉన్నవారు స్వయంగా, సొంత చేతిరాతతో, అదీ రూళ్ళ కాగితం మీద రాయడం మా పత్రిక చరిత్రలో ఇదే మొదటిసారి. ఆఫీసులో అందరం వరసగా చూసుకున్నాం.

పొరపాటు జరిగే అవకాశం లేదని మనవి. కంపెనీలు, వాటాలు ఉన్నవారి ఆస్తి కాగితాల్లో దొరుకుతుంది. అవేవీ బయటపెట్టని గుంభనమైన వారి కోసం మాకు వేరే పద్ధతి ఉంది. మా పరిశీలకులు ఇద్దరు వారి వీధిలో నిలబడి కొన్నాళ్ళు గమనిస్తారు. మీ దుకాణంలోకి ఇనప్పెట్టెలు దుప్పట్లు కప్పుకుని వస్తున్నాయనీ, ఒక్కోదాన్ని నలుగురు మోస్తే తప్ప కదలడం లేదనీ వారు రాశారు. ఖాళీ పెట్టెకు నలుగురెందుకు? దుప్పటెందుకు? ఒక పెట్టెలో సగటున ఎంత పడుతుందో లెక్కకట్టి, పెట్టెల సంఖ్యతో హెచ్చవేశాం. మా పద్ధతిని ఇంతవరకు ఎవరూ తప్పుపట్టలేదు.

ఇక మీరు లేదనడం గురించి. మా అనుభవంలో లేనివాడు ఉందంటాడు, ఉన్నవాడు లేదంటాడు. మొదటి పదిమందిలో ఆరుగురు మాకు ఇలాగే రాయించారు. కానీ మీ అంత బాగా ఎవరూ రాయలేదు. అందుచేత సవరించిన ప్రతిలో మిమ్మల్ని ముప్పై ఒకటో స్థానానికి పెంచామని తెలియజేయడానికి సంతోషిస్తున్నాం.

ఇట్లు,
భవదీయుడు,
జాబితా సంపాదకుడు

తా.క.: మీ చొక్కా మోచేతి దగ్గర చిరిగి ఉందని మా పరిశీలకులు ప్రత్యేకంగా రాశారు. అసలైన డబ్బున్నవారే అలాంటివి తొడగగలరు. దానికి కూడా కొంత కలిపాం.

*

సంపాదకులు గారికి,

నమస్కారం. మీ ఉత్తరం చదివాను. తగ్గించండి మహాప్రభో అంటే పెంచుతారా?

ఇనప్పెట్టె ఖాళీగా ఉన్నా నలుగురు మోయాల్సిందేనండీ. అది ఇనుము, తలగడ కాదు. దుప్పటి సంగతంటారా, ఖాళీ పెట్టె వీధిలో పోతుంటే ఇంట్లో ఏమీ లేదని జనం అనుకుంటారు కదా, ఆ పరువు కోసం కప్పుతారు. మా వృత్తిలో ఇది అందరికీ తెలిసిన సంగతే. మీ వాళ్ళు ఒక్కసారి లోపలికొచ్చి అడిగితే టీ ఇచ్చి మరీ చెప్పేవాణ్ణి.

ఇప్పుడిక్కడ నా పరిస్థితి వినండి. నెయ్యి వ్యాపారి వచ్చి సగం విప్పిన పెట్టెను విప్పినట్టే పట్టుకుపోయాడు. "ఇంత ఆస్తి ఉన్నవాడికి నా పెట్టెతో పనేంటి? దేనిమీద కన్నేశావు?" అని నిలదీశాడు. వాడి వెనకే మిగతావాళ్ళూ మొదలుపెట్టారు. మా బావమరిది పరుపుచుట్టతో సహా దిగాడు. "నీకు తోడుగా ఉందామని వచ్చా బావా" అంటాడు. పగలంతా మా గోడల్ని వేళ్ళతో కొట్టి చెవి ఆనించి వింటున్నాడు. పెట్టెలన్నీ ఖాళీవని లోకానికి తెలియాలని నేను తలుపులన్నీ వీధిలోకి తెరిచి కూర్చుంటే, "ముందే అంతా సర్దేసి ఉంటాడు, గడుసువాడు" అన్నారు.

వీటన్నిటినీ మించినది ఒకటుంది. దుకాణం ఎదురుగా ఇద్దరు మనుషులు పొద్దుణ్ణుంచీ నిలబడే ఉంటున్నారు. ఏమీ కొనరు, ఎవరితోనూ మాట్లాడరు. నేను తలెత్తినప్పుడల్లా నావైపే చూస్తుంటారు. పెట్టెల చాటున నక్కి స్క్రూలు తిప్పుకుంటున్నాను.

ఇక లాభం లేదు. మిగిలిన పెట్టెలన్నీ లారీకెత్తించి మీ ఆఫీసుకే తెస్తాను. మీ యజమాని గారి కళ్ళముందే ఒక్కొక్కటీ తెరుస్తాను. ఈ దేశంలో నేను తెరవలేని పెట్టె లేదు. కావాలంటే మీ యజమాని గారి పెట్టె కూడా టీ తాగేలోపల తెరిచి చూపిస్తా. అప్పుడైనా నేనెవరో మీకు తెలుస్తుంది.

ఇట్లు,
నిద్ర లేని,
మేస్త్రీ

తా.క.: ఆ ఇద్దరిలో ఒకడు ఇవాళ వచ్చి అగ్గిపెట్టె ఉందా అని అడిగాడు. అగ్గిపెట్టె, దాంతోపాటు నా గొడుగు కూడా ఇచ్చేసి లోపలికి పరిగెత్తాను.

*

మహారాజశ్రీ మేస్త్రీ గారి సముఖానికి,

మీ ఉత్తరాన్ని మా యజమాని గారి గదిలో, తలుపులు వేసి, రెండుసార్లు చదివాం. తమరు ఏమంటున్నారో మాకు అర్థమైంది. మరీ అంత విడమరిచి రాయనక్కర్లేదు.

కిందటేడు జాబితాలో ఇరవైలోపు ఉన్న పెద్దమనిషి ఒకరు మా పోటీ పత్రిక మీద కోపమొచ్చి "వచ్చి మాట్లాడతా" అన్నారు. వచ్చారు. మాట్లాడారు. సాయంత్రానికి ఆ పత్రిక ఆయనదైంది. మర్నాడు పాతవాళ్ళెవరికీ కుర్చీలు లేవు. ఆయనైనా చెక్కుపుస్తకంతోనే వచ్చారు. తమరు ఏకంగా లారీలో ఇనప్పెట్టెలు తెస్తానంటున్నారు! చదివిన దగ్గర్నుంచి మా యజమాని గారు కిటికీ దగ్గరే ఉన్నారు. వీధిలో లారీ హారన్ మోగితే చాలు, కూర్చుండిపోతున్నారు.

నా సంగతి వేరే చెప్పాలా? నాకు ముగ్గురు పిల్లలు. పెద్దదానికి పెళ్ళి కుదిరింది. పింఛనుకి ఇంకా ఏడేళ్ళుంది. తమవంటివారు కలమెత్తితే నా బతుకు వీధిన పడుతుంది. నాకూ నిద్ర లేదండీ.

తమరి ఎదురుగా నిలబడుతున్న ఆ ఇద్దరూ మా పరిశీలకులే. వెంటనే వెనక్కి రప్పించాం. గొడుగు విడిగా పంపుతున్నాం. తమరి అసలు స్తోమత ఇంతకాలం గుర్తించలేకపోయినందుకు క్షమాపణగా ఈ వారం సంచికలో పన్నెండో స్థానం ఇచ్చాం. దయచేసి లారీ పంపకండి. మా యజమాని గారు ఏ షరతుకైనా సిద్ధంగా ఉన్నారు. తమరి షరతులేమిటో సెలవివ్వండి.

ఇట్లు,
తమ విధేయుడు,
జాబితా సంపాదకుడు

తా.క.: తమరి ఉత్తరం చూశాక యజమాని గారు తన గదిలోని ఇనప్పెట్టెకు తాళం మార్పించారు. అది ఇప్పుడు ఆయనకే తెరుచుకోవడం లేదు. ఎవరిని అడగాలో తెలియడం లేదు.

*

సంపాదకులు గారికి,

బాబూ, మీకు దణ్ణం పెడతాను. పన్నెండు అని చదవగానే మా ఆవిడ గోడకి చేరగిలబడిపోయింది. కూతురు బడి మానేసింది. మానేసిందని కాదు, నేనే మానిపించాను. అది కిటికీ దగ్గర కూర్చుని ఏడుస్తుంటే చూడలేక, నేను దుకాణంలో పెట్టెల మధ్య కూర్చుని ఏడుస్తున్నాను.

మీ ఇద్దరు మనుషుల్నీ వెనక్కి పిలిపించామన్నారు. మంచిదే, వాళ్ళు వెళ్ళిపోయారు. కానీ అక్కడ ఇంకా ఇద్దరు నిలబడి ఉన్నారు. వీళ్ళు వేరే. మీ వాళ్ళు సన్నగా, చదువుకున్నవాళ్ళలా ఉండేవాళ్ళు. వీళ్ళు దిట్టంగా ఉన్నారు. మీ వాళ్ళు రాసుకునేవాళ్ళు. వీళ్ళేమీ రాసుకోవడం లేదు. వీళ్ళెవరండీ? నిన్న నేను పాలకి వెడితే పాల దాకా వచ్చారు. తిరిగి వస్తే తిరిగి వచ్చారు. ఆ పాలు ఎలా తెచ్చానో, ఇంటికి ఎలా చేరానో ఆ దేవుడికే తెలియాలి. మా బావమరిది వాళ్ళని చూసి పరుపు వదిలేసి పెరటి దారిన పారిపోయాడు. ఈ మొత్తం వ్యవహారంలో నాకు జరిగిన మేలు అదొక్కటే.

నాకు షరతులూ లేవు, గిరతులూ లేవు. మీ యజమాని గారు ఏమంటే దానికి ఒప్పుకుంటాను. ఆయన ఏమివ్వమంటే అది ఇస్తా, ఏమిస్తే అది పుచ్చుకుంటా, ఎందుకని అడగను. నాకు కావలసింది ఒక్కటే, నా పేరు ఆ జాబితాలోంచి పోవాలి. మీ ఆఫీసుల్లో దానికి ఏం రాయాలో, ఎలా రాయాలో నాకు చేతకాదు. అందుకని ఒక తెల్లకాగితం మీద కింద సంతకం పెట్టి దీంతో పంపుతున్నాను. పైన ఏం రాసుకోవాలో మీరే రాసుకోండి. నా పిల్ల మళ్ళీ బడికి వెళితే చాలు.

ఇట్లు,
మీ కాళ్ళు పట్టుకుని,
మేస్త్రీ

తా.క.: ఆ పెట్టెను సుత్తితో కొట్టొద్దని చెప్పండి. కొత్త తాళం బిగువుగా ఉంటుంది. పిడిని ఒక చేత్తో పైకెత్తి పట్టుకుని, అప్పుడు తాళంచెవి తిప్పమనండి. అప్పటికీ రాకపోతే బస్సు ఛార్జీ పంపండి, నేనొస్తాను.

*

పూజ్యులైన యజమాని గారికి,

పాదాభివందనాలు. ఇకమీదట తమరిని ఇలాగే పిలవాలి కాబట్టి ఇప్పట్నుంచే అలవాటు చేసుకుంటున్నాను.

తమరి తెల్లకాగితం చూడగానే మా పాత యజమాని గారు కళ్ళనీళ్ళు పెట్టుకున్నారు. "ధర అడగలేదు, అప్పులెంతో అడగలేదు, సంతకం పెట్టి పంపాడు! నిజమైన ధనవంతుడంటే ఇలా ఉండాలి" అన్నారు. వెంటనే వకీలును పిలిపించి, ఆ సంతకానికి పైన ఉన్న జాగా అంతా నింపించారు. పత్రిక, అచ్చు యంత్రం, ఈ అద్దె ఆఫీసు, మా అందరి బాకీ జీతాలు, ఊళ్ళో ఉన్న అప్పులన్నీ నేటినుంచి తమవి. అది పూర్తికాగానే ఆయన చొక్కా గుండీలైనా పెట్టుకోకుండా వెనక తలుపు నుంచి వెళ్ళిపోయారు. ఎక్కడికని అడిగితే చెప్పలేదు. అంత తేలిగ్గా నడవడం ఆయన్ని నేనెప్పుడూ చూడలేదు.

తమరు చెప్పినట్టు పిడి పైకెత్తి తిప్పితే పెట్టె తెరుచుకుంది. లోపల ఏమీ లేదు. ఇన్నేళ్ళూ మేం దానికి కాపలా పెట్టాం.

తమరి ఎదురుగా ఉన్న ఆ దిట్టమైన ఇద్దరి గురించి కంగారు పడకండి. వాళ్ళు మనకు కాగితం అరువిచ్చిన వ్యాపారి మనుషులు. ఏడాదిగా మన ఆఫీసు గుమ్మం ముందే ఉండేవారు. తమరు పత్రిక తీసుకుంటున్నారని ముందే వాసన పట్టి అక్కడికి మారారు. పిల్లల జోలికి రారు, బడికి పంపవచ్చు. వాళ్ళకి కావలసింది తమరే.

సిబ్బంది అంతా తమరి లారీ కోసం కిటికీల దగ్గర ఎదురుచూస్తున్నారు.

ఇట్లు,
తమ ఉప్పు తినబోయే,
జాబితా సంపాదకుడు

తా.క.: మన పత్రిక యజమాని పేరు మన జాబితాలో ఉండకూడదని నియమం ఉంది. కాబట్టి తమరి పేరు తీసేశాం. ఇంత చిన్న పనికి ఇన్ని ఉత్తరాలు రాయించినందుకు మన్నించగలరు.