అల్పపీడనం అంటే వాన

1998 అక్టోబరు, మంగళవారం. మియాపూర్.

మాదాపూర్ కొత్త రోడ్డు మీద ఈరోజు పాల మల్లమ్మ తడిసిన మక్కలు గోనెలోకి ఎత్తుకుంటోంది. నన్ను చూడగానే అడిగేసింది.

“నిన్న రేడియోల నువ్వే గద అమ్మా, అల్పపీడనమని చెప్పినవ్? అల్పమంటే జరంతనే గద. పీడ తక్కువనే ఉన్నదనుకొని ఆరబోసిన. ఇగ మొత్తం నానినయ్.”

నవ్వు రాబోయింది. ఆమె దోసిట్లో ఉబ్బిన మొక్కజొన్న గింజలు చూశాక సిగ్గేసింది. ఆ మాట ఎంత స్పష్టంగా పలుకుతానో అని ఇన్నాళ్లూ నాకు గర్వం!

స్టేషన్‌లో డ్యూటీ ఆఫీసరు గారికి, అల్పపీడనం పక్కన ‘వాన’ అని కూడా చదువుతానని చెప్పాను. “కాగితంలో ఉన్నదే చదవండి. భాష దిగజారకూడదండీ” అన్నారు. వాన అంటే భాష దిగజారిపోతుందా?

ఆ రోడ్డు పక్కన లేస్తున్న అద్దాల మేడల్లో అందరికీ కంప్యూటర్లుంటాయి. మల్లమ్మకు ఉన్నది నా గొంతే. నేనా, పిలిచిన రోజుకే పని ఉండే క్యాజువల్ అనౌన్సర్ని. వచ్చే నెల డ్యూటీలు వేయకపోతే... వేయకపోనీ.

రేపు పొద్దున కూడా అల్పపీడనమే. కాగితం మొత్తం చదువుతాను. ఆ తరువాత, వాళ్లు మైకు కట్టేసేలోపు అయిపోయేంత చిన్న మాట రాసి పెట్టుకున్నాను: “ఇవాళ వాన. మక్కలు ఎత్తిపెట్టుకోండి.”