ఎర్ర కళ్ళ సాక్ష్యం

కృపమణి అత్తా, వందనాలు.

నా కళ్ళు ఎర్రబడింది మైన్స్ లారీల దుమ్ముకని ఇంట్లో అందరూ తేల్చేశారు. కురుగోడు నుంచి నువ్వూ చుక్కల మందు పంపావు. నేను ప్రేమించిన కెన్నెత్ నన్ను వదిలేశాక నెట్ సెంటర్‌లో అతని ఆర్కుట్ ఫొటోలు చూస్తూ ఏడ్చానని ఒక్కరికీ తోచలేదు. తన పేజీ ఎవరు చూశారో అతనికి కనిపిస్తుందట. రోజూ నా పేరే! సిగ్గేసి ఖాతా తీసేశాను. కళ్ళు తేటపడ్డాయి.

అమ్మేమో, "ప్రార్థనకే బాగైనాయి పాపా, ఆదివారం అందరి ముందర లేచి సాక్ష్యం చెప్పల్ల" అంటాంది. వినడానికి నిన్నూ పిలిచిందట. చర్చిలో గిటారు వాయించేది కెన్నెత్తే. ఆ దుమ్ము పేరేమిటో అక్కడ అతనొక్కడికే తెలుసు.

నువ్వు రా అత్తా, పాటలు పాడుదాం. సాక్ష్యం మాత్రం నేను చెప్పను.