నవారుణ్ పేరుకు అర్థం

అన్నయ్యా,

బాబు పాలసీసాలు మరిగించి బోర్లించాను. మబ్బు పట్టేలోగా వాడి బట్టలు తీగ మీంచి తీసెయ్. నేను పరీక్షకి వెళ్తున్నాను.

నిన్న ఇంట్లో అమ్మ, వదిన, వదిన వాళ్ళ పిన్ని, బాబు, నువ్వు, నేను ఉన్నాం. నా డైరీలోని పేరు నువ్వే ఆలోచించినట్టు అందరి ముందూ చెప్పావు. పిన్నిగారు అర్థమేమిటని అడిగితే, "నవ్వు, అరుణ్ కలిపానండీ" అన్నావు. "ఎంత తెలివి నాయనా" అని ఆవిడ మురిసిపోయింది.

అది నవ్వు కాదు, నవ. నవ అంటే కొత్త, అరుణ అంటే పొద్దుటి ఎరుపు. రెండూ సంస్కృతం. వాడు తెల్లవారుతుండగా పుట్టాడని, సవర్ణదీర్ఘ సంధి చేసి నవారుణ్ అని రాసుకున్నాను.

దొంగచాటుగా చదివినవాడివి తరువాతి పేజీ కూడా చదవాల్సింది. అందులో ఆ పేరు కొట్టేశాను. బడిలో పిల్లలు చివరి అక్షరం మింగేసి "ఒరే నవారూ" అంటారు. నాన్న మంచానికి అల్లిన పట్టీ పేరుతో నీ కొడుకుని పిలుస్తారు. ఈ చీటీ చూసేసరికి నువ్వు పేరు నమోదు చేయించి వచ్చి ఉంటావు. నాకేం జాలి లేదు, వాడి మీద తప్ప. ఇంకో మంచి పేరు కూడా ఆలోచించాను. ఆ డైరీ నాతోనే తీసుకెళ్తున్నాను.

నిన్న సాయంత్రం ఈ మాట చెప్దామనే మీ గది దాకా వచ్చాను. "అన్నయ్యా, పేరు..." అనగానే, "నీ ఏడుపు రేపు ఏడుద్దువుగాని" అని నా మొహం మీదే తలుపు వేశావు.