కరెంటు పోయిన ఎపిసోడ్

మంగళవారం, అరకు

పొద్దున కాఫీ తోటలో పళ్లు కోస్తున్న ఆడవాళ్లు నా టీవీ సీరియల్ గురించే మాట్లాడుకుంటున్నారు. రాసేది నేనేనని చెప్పలేదు. నిన్నటి ఎపిసోడ్‌లో అత్త కోడలి మీద చెయ్యెత్తగానే వాళ్ల ఊళ్లో కరెంటు పోయిందట.

"మరి తర్వాత కథ?" అని అడిగాను.

"కరెంటు పోతే మిగిలింది మేమే సెప్పుకుంతాం, తలా ఓ ముక్క," అంది పెద్దావిడ బుదరి, కోత ఆపకుండా. "కోడలు అత్త సెయ్యి అట్టుకుని, 'పొద్దున్నుంచి ఏటైనా తిన్నావా అత్తా?' అనీసింది. అత్త కూకుండిపోనాది."

నేను రాసిన కోడలు చెంపదెబ్బ తిని ఏడ్చింది, మూడు క్లోజప్పుల్లో.

"అంత కోపంలో ఉన్న మనిషి అలా ఎలా కూర్చుంటుంది?"

"అప్పటిదాకా ఆ మాట ఎవులూ అడగనేదు కదమ్మా."

ఇన్నేళ్లుగా ఆ అత్తని రాస్తున్నాను. ఆవిడ తిన్నదో లేదో నాకూ తెలీదు. ఇంకా ఏమేం తెలీదో…

ఇవాళ్టి ఎపిసోడ్‌లో ఆవిడ చేత కోడల్ని ఇంట్లోంచి గెంటించాను. ఈపాటికి టీవీలో వచ్చేసి ఉంటుంది. బుదరి వాళ్ల ఊళ్లో ఇవాళ కూడా కరెంటు పోయి ఉంటే బాగుండును.