మొదటిసారి వచ్చిన దేశం

ఆదివారం రాత్రి

సాయంత్రం ఆయనా, ఆయన స్నేహితులూ యానాం నుంచి తెచ్చిన మందు సీసాలు ముందు పెట్టుకుని టీవీలో ఒలింపిక్స్ చూశారు. ఏదో చిన్న దేశమట, దాని పేరు నాకు నోరు తిరగలేదు. ఆటలకు రావడం ఇదే మొదటిసారి. ఆ దేశపు పిల్ల పరుగులో అందరికన్నా వెనక వచ్చి, గీత దాటాక నేలకు దండం పెట్టుకుంది.

"బస్సు తప్పి నడిచొచ్చిందేమోరా!" అన్నారు ఆయన. నోట్లో కోడి ఎముక ఉండగానే నవ్వారు. నాకు రోత పుట్టింది.

గుమ్మం దగ్గర నా పక్కనే నిలబడ్డ పాప మెల్లగా అంది. "అమ్మా, రేపు మండలం పరుగు పోటీలకి నేను వెళ్ళనులే. ఆఖరున వస్తే నాన్నగారు ఇలాగే నవ్వుతారు."

వాళ్ళ బడి నుంచి ఆ పోటీలకు వెళుతున్న మొదటి ఆడపిల్ల అది.

ఆయన తిన్న కంచంలోనే తినాలని పెళ్ళయిన కొత్తలో అత్తయ్యగారు చెప్పారు. ఇన్నేళ్ళూ అలాగే తిన్నాను. ఈ పూట ఆ కంచంలో వడ్డించుకోలేదు. కడిగి బోర్లించేశాను.

"అదేంటమ్మా, కొత్తగా?" అన్నారు అత్తయ్యగారు.

"రేపు పాపతో నేనే వెళతానండి" అన్నాను.

ఇక ఆయనకు చెప్పాలి. మత్తు దిగాక చెప్పాలో, దిగకముందే చెప్పి బయలుదేరాలో...